అన్ని ఫైళ్లూ తెరిచే ఫైలు

డెస్క్‌టాప్‌లో యాంటీవైరస్ అనగానే స్కాన్ బటన్, దాని కింద పాకే పచ్చ గీత గుర్తొస్తాయి. వెతుకులాట భారమంతా మోసేది వాటి వెనకున్న లైబ్రరీ ఫైలు. విండోస్‌లో దాని పేరు చివర డీఎల్ఎల్ అని ఉంటుంది, లినక్స్‌లో ఎస్‌ఓ అని. తనంతట తాను నడవదు. వేరే ప్రోగ్రాము పిలిస్తే పని చేసిపెడుతుంది.

అలాంటి వాటిలో లోపలి కోడ్ ఎవరైనా చదువుకోగలిగింది క్లామ్‌ఏవీ అనే యాంటీవైరస్ లైబ్రరీ లిబ్‌క్లామ్‌ఏవీ. పోలండ్‌కు చెందిన తొమాష్ కోయ్‌మ్ మొదలుపెట్టిన క్లామ్‌ఏవీ 2002లో బయటికొచ్చింది. 2007లో సోర్స్‌ఫైర్ అనే కంపెనీ దాన్ని కొనుక్కుంది, 2013లో సోర్స్‌ఫైర్‌ను సిస్కో కొన్నది. ఎక్కువగా మెయిల్ సర్వర్లలో పనిచేసినా, విండోస్ డెస్క్‌టాప్‌ల మీద నడిచే క్లామ్‌విన్‌కు కూడా ఇంజను ఇదే.

ఈ లైబ్రరీకి స్వతహాగా ఏ వైరస్సూ తెలియదు. వాటి ఆనవాళ్లు మెయిన్, డైలీ వంటి వేరే ఫైళ్లలో డిజిటల్ సంతకంతో వస్తాయి. వాటిని ముందు మెమరీలోకి ఎక్కించుకుని, తర్వాత వాటిలో కొన్ని రకాలను కలిపి చెట్టులా అల్లుకుంటుంది. ఆ అల్లిక వెనకున్న ఉపాయం 1975 నాటిది. బెల్ ల్యాబ్స్‌లో ఆల్‌ఫ్రెడ్ అహో, మార్గరెట్ కొరాసిక్ గ్రంథసూచికల్లో మాటలు వెతకడానికి దాన్ని కనిపెట్టారు. వైరస్ వేటకు అది ఇంతగా అక్కరకొస్తుందని అప్పట్లో ఎవరు ఊహిస్తారు!

'రాముడు', 'ముడుపు' అనే రెండు మాటలు వెతుకుతున్నాం అనుకోండి. 'రా, ము, డు' దాకా చదివేసరికి మొదటి మాట దొరికింది. ఆ చివరి 'ముడు' రెండో మాటకు మొదలు కూడా. కాబట్టి వెనక్కి వెళ్లక్కర్లేదు. తర్వాతి అక్షరం 'పు' అయితే రెండోదీ దొరికినట్టే. వెతికే మాటలు లక్షల్లో ఉన్నా చదవడం ఒక్కసారే. ఇంత అందమైన ఉపాయం కంప్యూటర్ శాస్త్రంలో అరుదు.

ఆనవాళ్లు రోజూ మారతాయి, ఇంజను అలా రోజూ మారదు. చిక్కంతా అక్కడే. పాత వెర్షన్లలో ఉన్న ఒక లోపం వల్ల 980 బైట్లు దాటిన ఆనవాళ్లను మామూలు అప్‌డేట్లలో పంపడం కుదరలేదు. ఆరు నెలల ముందే చెప్పి, 2010 ఏప్రిల్ 15న ఒక ప్రత్యేకమైన ఆనవాలు పంపి 0.95 కంటే పాత వెర్షన్లను ఆపేశారు. వాటిని నమ్ముకున్న మెయిల్ సర్వర్లు కొన్ని ఆగిపోయాయి, నిర్వాహకులు మండిపడ్డారు. కొత్త ఆనవాళ్లు అందని కాపలా కన్నా ఆగిపోయిన కాపలాయే నయమని నా అభిప్రాయం. కనీసం అది ఆగిందని తెలుస్తుంది.

ఇంతకన్నా పెద్ద ప్రమాదం ఈ పని స్వభావంలోనే ఉంది. వైరస్ ఉందో లేదో చూడాలంటే ఫైలు తెరవాలి. జిప్, పీడీఎఫ్, డిస్క్ ఇమేజ్, ఏదొస్తే అది విప్పాలి. 42.జిప్ అనే పేరుమోసిన ఫైలు చూడటానికి 42 కిలోబైట్లు, పొరలన్నీ విప్పితే 4.5 పెటాబైట్లు. అందుకే ఎన్ని పొరల దాకా విప్పాలో, ఎంత డేటా దాకా చూడాలో లైబ్రరీకి హద్దులు పెట్టారు.

అన్ని ప్రమాదాలకూ హద్దులు చాలవు. 2023 ఫిబ్రవరిలో ఆపిల్ కంప్యూటర్ల హెచ్‌ఎఫ్‌ఎస్ ప్లస్ డిస్క్ ఇమేజ్‌లను చదివే కోడ్‌లో ఒక లోపం బయటపడింది. కొలత సరిచూడకపోవడంతో, కావాలని తయారుచేసిన ఇమేజ్‌ను స్కాన్ చేస్తే చాలు, దాడి చేసేవాడి కోడ్ నడిచే వీలుండేది. తీవ్రత 10కి 9.8. దాన్ని 1.0.1 వెర్షన్‌తో సరిదిద్దారు.

క్లామ్‌ఏవీ ఎక్కువ భాగం రాసిన సీ భాషలో మెమరీ హద్దులు చూసుకోవాల్సిన బాధ్యత రాసేవాళ్లదే. రస్ట్ భాషలో ఆ బాధ్యతలో చాలా భాగం కంపైలరే తీసుకుంటుంది. 2022లో వచ్చిన 0.105 వెర్షన్ నుంచి క్లామ్‌ఏవీని తయారుచేయడానికి రస్ట్ కూడా కావాలి. బొమ్మల పోలిక పట్టే భాగం అందులోనే రాశారు. ఇంకా సీలో మిగిలిన కోడ్‌లో మొదట తిరగరాయాల్సింది ఫార్మాట్లు విప్పే భాగాలనే, ఎందుకంటే ముక్కూ మొహం తెలియని ఫైలు మొట్టమొదట తగిలేది వాటికే.