సెంట్రల్ ముందు ట్రాము ఆగే చోటు

ట్రాము బండి ఎట్లా ఉంటుంది తాతా అని మొన్న మా మనవడు అడిగాడు. రైలుపెట్టె ఒకటి దారి తప్పి బజారులోకి వచ్చినట్లుంటుందిరా అన్నాను. వాడు నవ్వాడు. కాని 1952 ఎండాకాలంలో మదరాసు సెంట్రల్ స్టేషను ముందు నిలబడి మొదటిసారి దాన్ని చూసినప్పుడు నాకు తోచింది అక్షరాలా అదే. అప్పటికి నాకు తొమ్మిదేళ్లు.

మాది అనంతపురం జిల్లాలో తాడిపత్రి దగ్గర ఒక పల్లె. మా జిల్లాలో ట్రాము ఏ కాలంలోనూ లేదు. ఏడాదికి 550 మిల్లీమీటర్లకు కాస్త అటూ ఇటూగా పడే వాన, అదీ అదనుకు రాని వాన, మా ఆస్తి. అయినా మదరాసు ట్రాముకూ మాకూ చుట్టరికం ఉన్నదంటే మీరు ఆశ్చర్యపోకండి. 1871లో మదరాసు–బొంబాయి రైలుదారి పూర్తయింది. గుంతకల్లు, గుత్తి, తాడిపత్రి ఆ దారిలోవే. అప్పటినుంచీ మావాళ్లకు రోగం వచ్చినా, హైకోర్టులో వ్యాజ్యం పడినా, కరువు వచ్చి కూలి వెతుక్కోవలసి వచ్చినా ఎక్కేది ఆ రైలే, దిగేది సెంట్రల్‌లోనే. దిగి, మూటలు నెత్తిన పెట్టుకుని బయటికి వస్తే ఎదురుగా ట్రాము. చెన్నపట్నం మాతో మొట్టమొదట మాట్లాడేది ఆ ట్రాము గంటతోనే.

కరువు ఏడాది ప్రయాణం

ఆ ఏడు రాయలసీమ అంతటా కరువు. గంజి కేంద్రాలు తెరిచారు. బావులు లోతు చేయడానికి సైన్యం కూడా వచ్చింది. మా బావిలో బిందె మునిగే నీళ్లు లేవు. సరిగ్గా అప్పుడే మా జేజికి రెండు కళ్లలోనూ పొరలు ముదిరి, పట్టపగలు గోడ తడుముకుంటూ నడిచే స్థితి వచ్చింది. ఎగ్మూరు కంటి ఆస్పత్రి 1819 నుంచీ ఉన్నది. దాని పేరు మా పల్లెల్లో కూడా అందరికీ తెలుసు. నాయన ఉన్న ఎద్దుల జతలో ఒకదాన్ని అమ్మి, జేజినీ, ఆమె చేయి పట్టుకోవడానికి నన్నూ వెంటబెట్టుకుని రైలెక్కాడు.

మా పెద్దనాయన జార్జిటౌనులో ఒక అచ్చాపీసులో కంపోజిటరు. ఆంధ్రపత్రిక వెలువడిన తంబుచెట్టి వీధికి దగ్గరలోనే ఆయన కాపురం. మొదట ఆయన ఇంటికి చేరాలి. అంటే సెంట్రల్ నుంచి ప్యారీస్ మూల దాకా ట్రాములో పోవాలి.

ట్రాము వచ్చి ఆగింది. కింద పట్టాలు, పైన కరెంటు తీగ, రెంటికీ మధ్య చెక్క బల్లల బండి. జనం ఒక్కసారిగా ఎగబడ్డారు. జేజి కాలు ఎత్తుతుంది, మెట్టు అందదు; మళ్లీ దించుతుంది. వెనక నుంచి ఎవరో కసురుకున్నారు. అప్పుడు కండక్టరు కిందికి దిగాడు. అరవ యాస కలిసిన తెలుగులో, “నిదానంగా ఎక్కమ్మా, నువ్వు ఎక్కందే బండి కదలదు” అని జేజి రెండు చేతులూ పట్టుకుని పైకి తీసుకున్నాడు. గంట కొట్టారు, బండి కదిలింది. దారి పొడుగునా జేజి ఆ గంటే వింటూ కూర్చున్నది. “ఎంత బండిరా ఇది? ఏం రంగు?” అని నన్ను అడుగుతూనే ఉన్నది. నేను చూసింది చూసినట్లు చెబుతూ పోయాను.

అరవై ఏళ్ల బండి

నాకు ఆనాడు తెలియని సంగతి ఒకటి ఆ తరువాత పెద్దనాయన చెప్పాడు. మన దేశంలో కరెంటుతో నడిచిన మొదటి ట్రాము మదరాసుదేనట. కలకత్తాలో 1873లోనే ట్రాములు వచ్చినా వాటిని గుర్రాలు లాగేవి. మదరాసులో 1895 మే 7న కరెంటు ట్రాము కదిలింది. లండను మహానగరంలో కరెంటు ట్రాములు 1901లో గాని రాలేదు. మొదట్లో కరెంటు తీగలను రోడ్డు కింద కాలువ తవ్వి అందులో నడిపారు. మదరాసు వానలకు ఆ కాలువ నీళ్లతో నిండిపోతూ ఉంటే, తీగను నెత్తిమీదికి మార్చుకున్నారు.

సెంట్రల్ ముందరి ఆ చోటు కూడా ట్రాముతోపాటే పెరిగింది. స్టేషను 1873 నాటిది. దాని పక్కన 1900లో మూర్ మార్కెట్టు లేచింది. 1913లో కార్పొరేషను వారి రిప్పన్ భవనం తెరిచారు. ఎదుట జనరల్ ఆస్పత్రి, రామస్వామి మొదలియారు సత్రం. ఊరికి కొత్తగా వచ్చినవాడికి వైద్యం, బస, బజారు అన్నీ ట్రాము గంట వినిపించేంత దూరంలో ఉండేవి. మూర్ మార్కెట్టులో పాత పుస్తకం బేరమాడని తెలుగు విద్యార్థి ఆ రోజుల్లో అరుదు.

బస్సులు పెరిగేకొద్దీ ట్రాముకు కష్టకాలం వచ్చింది. పట్టాలు అరిగాయి, బండ్లు పాతబడ్డాయి. కంపెనీ నష్టమన్నది, కార్మికులు జీతం చాలదన్నారు, కంపెనీని కొని నడపడానికి ప్రభుత్వం ఒప్పుకోలేదు. 1953 ఏప్రిల్ 12న మదరాసు ట్రాము ఆగిపోయింది. ఆ ఒక్క రాత్రితో వందల కుటుంబాలకు జీతం లేకుండా పోయింది. మా జేజిని చేతులు పట్టి ఎక్కించిన మనిషి కూడా వారిలో ఒకడై ఉండాలి. ఆయన పేరు మాకు తెలియదు. అడగాలని ఆనాడు ఎవరికీ తోచలేదు.

జేజి చూడాలనుకున్నది

జేజికి మొదటి కన్ను ఆపరేషను బాగానే జరిగింది. కాని కట్లు విప్పకముందే నాయన పొలం పని మీద ఊరికి తిరిగి రావలసి వచ్చింది. జేజి పెద్దనాయన ఇంట్లో కొన్నాళ్లుండి, రెండు కళ్లకూ పచ్చగుడ్డ కట్టుకునే సెంట్రల్‌కు వచ్చి రైలెక్కింది. అంటే ట్రాములో రెండుసార్లు ఎక్కిందే గాని దాన్ని ఒక్కసారీ చూడలేదు.

మరుసటి ఏడు మే నెలలో రెండో కంటి కోసం మళ్లీ వెళ్లాము. ఈసారి జేజి నా చేయి పట్టుకోలేదు. లావుపాటి అద్దాలు పెట్టుకుని, స్టేషను మెట్లు తానే దిగి, రోడ్డు మీద అటూ ఇటూ చూసి, “ఆ గంట బండి యాడుందిరా?” అన్నది.

రోడ్డు మీద పట్టాలున్నాయి. ఎండకు మెరుస్తున్నాయి. బండి లేదు.

“నిలిపేసినారంటమ్మా” అన్నాడు నాయన. జేజి నమ్మలేదు. సత్రం అరుగు మీద కాసేపు కూర్చున్నది, వస్తుందేమోనని. చివరికి రిక్షావాడితో బేరం కుదుర్చుకుని వెళ్లాము. ట్రాములో ముగ్గురికీ అయిన దానికి ఎన్నో రెట్లు అడిగాడు. కాని వాణ్ణి మాత్రం ఏమనగలం? మనిషిని మనిషి లాగే బండి అది. తమిళనాడులో ఆ రిక్షాలను 1973లో గాని రద్దు చేయలేదు.

అదే ఏడు అక్టోబరు 1న ఆంధ్ర రాష్ట్రం వచ్చింది. పొట్టి శ్రీరాములుగారు ప్రాణమిచ్చింది ఆ మదరాసులోనే, 1952 డిసెంబరు 15న. కర్నూలు రాజధాని అయింది, మేము సంబరపడ్డాము. కాని మా పెద్దనాయన మాత్రం అద్దె ఇంట్లో ఉన్నచోటనే ఉండి పరాయి రాష్ట్రంవాడయ్యాడు. “ట్రాము పోయె, మదరాసూ పోయె” అని ఆయన జాబులో రాసిన ముక్క మా ఇంట్లో చాలాకాలం చెప్పుకున్నారు.

మళ్లీ పట్టాలు

ఆ తరువాత ఆ చోటు ఎన్నో విధాల మారింది. 1985 మే 30న మూర్ మార్కెట్టు కాలిపోయింది. అక్కడ ఇప్పుడు రైల్వేవారి కట్టడాలున్నాయి. సెంట్రల్ పేరు 2019లో పురచ్చి తలైవర్ డాక్టర్ ఎం.జి. రామచంద్రన్ సెంట్రల్ అయింది. రోడ్డును ఏళ్ల తరబడి తవ్వి, కింద మెట్రో స్టేషను కట్టారు. చెన్నై మెట్రో భూగర్భ స్టేషన్లలో అదే పెద్దది. ఒక అంతస్తులో ఒక దారి, దాని కింద మరో దారి. 2018 మేలో ఎగ్మూరు వైపు బండి మొదలైంది. 2019 ఫిబ్రవరి 10న హైకోర్టు, మన్నడి మీదుగా వాషర్‌మన్‌పేట దారి తెరిచారు.

ఇది మదరాసు ఒక్కదాని కథ కాదు. లండను 1952లో పాత ట్రాములను సాగనంపి, 2000లో క్రాయిడన్‌లో మళ్లీ తెచ్చుకున్నది. పారిస్ 1938లో తీసేసి 1992లో తిరిగి మొదలుపెట్టింది. పాతదని పీకేసిన దాన్నే ఎంతో ఖర్చు పెట్టి మళ్లీ వేసుకోవడం నగరాలకు అలవాటే కాబోలు.

నిరుడు మనవడి దగ్గరికి చెన్నై వెళ్లాను. సెంట్రల్‌లో దిగగానే, “తాతా, ప్యారీస్ మూలకు ఒక్క స్టేషనే” అని వాడు నన్ను కిందికి తీసుకుపోయాడు. చల్లని గాలి, నున్నని నేల, పైకీ కిందికీ పోయే లిఫ్టు. కళ్లు లేని జేజికి ఆనాడు ఈ లిఫ్టు ఉంటే ఎంత బాగుండేదో అనుకున్నాను. కొత్తదాన్ని నిందించడానికి నాకు నోరు రాలేదు.

అంతలో మా సీమ మాట చెవిన పడింది. “పెద్దాసుపత్రికి ఎట్ల పోవల్లప్పా?” ఒక పెద్దాయన, నెత్తిన మూట, వెంట నీరసంగా ఉన్న కోడలు. గుత్తి దగ్గరివాళ్లు. పైన రోడ్డు దాటితే కనిపించే ఆస్పత్రి కోసం కింద సొరంగాల్లో తిరిగిన చోటే తిరుగుతున్నారు. బాణాల గుర్తులున్నాయి, చదవలేని వాడికి బాణం ఏం చెబుతుంది? మనవడు దారి చెప్పబోయాడు. ఈలోగా నేల తుడిచే ఒక అమ్మాయి చీపురు గోడకు ఆనించి, సగం తమిళం సగం తెలుగు కలిపి, “నా వెంట రండయ్యా” అని వాళ్లను లిఫ్టు దగ్గరికి తీసుకుపోయింది. తలుపు మూసుకునేదాకా తన చేయి అడ్డం పెట్టి ఉంచింది. నాకు 1952 కండక్టరు గుర్తుకొచ్చాడు.

ఏ స్టేషనైనా కట్టేవారిని నేను కోరేది ఒక్కటే. ఊరికి కొత్తగా, మూటతో, రోగితో వచ్చినవాడు దిగి బయటికి రాగానే అడగడానికి ఒక మనిషి కనిపించాలి. ఆ మనిషి జీతాన్ని వృథా ఖర్చుల పద్దులో రాయకూడదు. 1953లో లెక్కలు కట్టినవారు బండ్ల ఖరీదు, పట్టాల ఖరీదు చూశారు. జేజి లాంటివారిని ఎవరూ అడగలేదు.

హైకోర్టు స్టేషనుకు నిమిషాల్లో చేరాము. “ట్రాములో ఎంతసేపు పట్టేది తాతా?” అన్నాడు మనవడు. నిజానికి నాకు గుర్తు లేదు. జేజికి దారి పొడుగునా చూసినవన్నీ చెప్పడానికి సరిపోయింది, అంతే తెలుసు.