చెదల పుట్టలో ఎవరి డ్యూటీ ఏంటి?

ఇవాళ మాట నిజాంపట్నంలో మా నాయనమ్మ చెక్కపెట్టె దగ్గర మొదలుపెడతాను. మొన్న పొలం పాసుపుస్తకం కావాల్సొచ్చి ఆ పెట్టె తెరిచాం. పైకి అంతా బాగానే ఉంది. పుస్తకం పట్టుకుంటే అట్ట ఒక్కటే చేతికొచ్చింది, లోపల కాగితాలున్న చోట మట్టి. తాతయ్య ఫోటో కూడా పోయింది. ఇంట్లో ఆయనది ఉన్నది ఆ ఒక్క ఫోటోనే.

బాబాయి కోపంతో కిరసనాయిలు పోశాడు. ఇరవై రోజులు తిరక్కుండానే అదే గోడ మీద మళ్లీ మట్టి దారి! ఎందుకో తెలియాలంటే పుట్ట లోపల ఎవరేం చేస్తారో చూడాలి.

మొదట ఒక మాట. చెదలు చీమలు కావు, బొద్దింకలకి చుట్టాలు. చీమల కష్టం పాముల పాలైందని మనం అంటుంటాం కదా, ఆ పుట్టల్లో చాలావరకు కట్టింది చెదలే. నాగుల చవితికి మనం పాలు పోసేది కూడా వీటి ఇంట్లోనే.

మన కాగితాలు తిన్నవి కూలి చెదలు. వీటిలో ఆడా మగా రెండూ ఉంటాయి. చీమల్లో, తేనెటీగల్లో పనిచేసేవన్నీ ఆడవే. కూలి చెదలకి కళ్లు కనపడవు, ఒళ్లు మెత్తన. ఎండ తగిలితే ఎండిపోతాయి, చీమ చూస్తే ఎత్తుకుపోతుంది. అందుకే మట్టితో కప్పు వేసుకుంటూ నడుస్తాయి. గోడ మీద మనకి కనిపించే గీత అదే.

సైనికులకి పెద్ద తల, కత్తెరలాంటి దవడలు. దారి ఎక్కడైనా తెగితే ముందు వచ్చి నిలబడేది ఇవే. కానీ పాపం, ఆ దవడలతో సొంతంగా తినలేవు! కూలీలే నోటికి అందించాలి.

రాణి అంటే ఆర్డర్లు వేస్తుందనుకోకండి. పొట్ట ఉబ్బిపోయి, మట్టి గదిలోంచి కదలలేక, రోజుకి వేల గుడ్లు పెడుతూ ఉంటుంది. రాజు కూడా పక్కనే ఉంటాడు, జీవితాంతం. చీమల్లో మగది జతకట్టాక చచ్చిపోతుంది. వానపడిన సాయంత్రం ట్యూబ్‌లైటు చుట్టూ ముసిరే ఉసిళ్లు ఉన్నాయే, అవి కాబోయే రాజులూ రాణులే. రెక్కలు రాల్చి జంటగా మట్టిలో దూరతాయి. ఎక్కువభాగం బల్లులకీ కోళ్లకీ పోతాయనుకోండి.

నాకు బాగా నచ్చింది వ్యవసాయం. మన వైపు పుట్టలు కట్టే చెదలు లోపల బూజు పండిస్తాయి. బయటి నుంచి తెచ్చిన కర్ర, ఆకు నమిలి మింగి, ఆ పెంటతో స్పాంజిలాంటి మడి కడతాయి. దాని మీద బూజు పెరిగి, గట్టి కర్రని మెత్తబరుస్తుంది. తర్వాత అదే తిండి. వానాకాలం ఆ బూజే పైకి తన్నుకొచ్చి గొడుగు విప్పుతుంది. పుట్టగొడుగు అనే పేరు ఊరికే రాలేదు.

ఇప్పుడు బాబాయి సంగతి. ఆయన చంపింది బయటికి పనికొచ్చిన కూలీల్ని. గుడ్లు పెట్టే రాణి ఎక్కడో మట్టిలో క్షేమం. నిదానంగా పనిచేసే ఎర మందు అయితే కూలీలే దాన్ని మోసుకెళ్లి, నోటినుంచి నోటికి పంచుకుని లోపలిదాకా చేరుస్తాయి.

మీ ఇంట్లో చెక్కపెట్టె, బీరువా గోడకి ఆనించి ఉంటే జానెడు ఇవతలికి లాగండి. మట్టి దారి కనిపిస్తే గోరుతో కొంచెం గీకి, రెండు రోజులాగి చూడండి. అతుకు పడిందా, లోపల డ్యూటీ నడుస్తున్నట్టే. ముఖ్యమైన కాగితాలు ఈలోపే ఫోన్లో ఫోటో తీసి పెట్టుకోండి. మేం తీయలేదు.