సర్వరు మారితే దారి తప్పే సాఫ్ట్‌వేర్

పాఠశాలలోనో, సహకార సంఘంలోనో పాత సర్వరును తీసి కొత్తది పెట్టిన తరువాత తరచుగా ఒక చిక్కు ఎదురవుతుంది. ఏళ్ల తరబడి వాడిన తెలుగు టైపింగు సాఫ్ట్‌వేర్ సీడీ పెట్టగానే, మార్గం కనబడలేదంటూ ఇన్‌స్టాలర్ ఆగిపోతుంది. ఆ సాఫ్ట్‌వేర్‌తో పాటు వచ్చే పాత ఫాంటు లేనిదే వెనుకటి ప్రశ్నపత్రాలు, తీర్మానాలు తెరిచినా చదవడం సాధ్యం కాదు. కనుక సీడీ చెడిపోయిందని తొందరపడి పారవేయరాదు. తరచుగా మారినది చిరునామా మాత్రమే.

విండోస్ సర్వర్ 2003లో వాడుకరుల ఫైళ్లు ‘డాక్యుమెంట్స్ అండ్ సెట్టింగ్స్’ ఫోల్డరులో ఉండేవి. సర్వర్ 2008 నుండి ఆ స్థానంలో ‘యూజర్స్’ వచ్చింది. పాత పేరును కొత్త చోటికి మళ్లించే ఏర్పాటు విండోస్‌లో ఉన్నందున చాలా సాఫ్ట్‌వేర్లు గట్టెక్కుతాయి.

మన సరిహద్దు గ్రామాలలో మరొక కారణం కూడా ఉండవచ్చు. వాడుకరి పేరును తెలుగులోనో, కన్నడంలోనో పెట్టుకుంటే ఫోల్డరు పేరు కూడా అదే లిపిలో ఏర్పడుతుంది. ఇన్‌స్టాలర్ తన సరంజామాను మొదట ఆ ఫోల్డరులోని ‘టెంప్’లో విప్పుకుంటుంది. యూనికోడ్ ఎరుగని పాత ఇన్‌స్టాలర్‌కు మన అక్షరాలు ప్రశ్నార్థకాలుగా కనిపిస్తాయి. ఫోల్డరు పేరులో ప్రశ్నార్థకాన్ని విండోస్ అనుమతించదు. అందుచేత దారి తెగిపోతుంది.

పరిష్కారం ఇది. మొదట ముఖ్యమైన ఫైళ్లకు నకళ్లు తీసుకోవాలి. సి డ్రైవులో ఆంగ్లాక్షరాలతో చిన్న పేరు గల ఫోల్డరు సృష్టించాలి. సిస్టమ్ ప్రాపర్టీస్‌లోని ‘ఎన్విరాన్‌మెంట్ వేరియబుల్స్’ తెరిచి, వాడుకరి విభాగంలోని ‘టెంప్’, ‘టీఎంపీ’ రెండింటికీ ఆ ఫోల్డరు మార్గాన్ని ఇవ్వాలి. ఒకసారి లాగాఫ్ అయి తిరిగి ప్రవేశించి, సెటప్ ఫైలుపై కుడి క్లిక్ చేసి ‘రన్ యాజ్ అడ్మినిస్ట్రేటర్’ ఎంచుకోవాలి.

అప్పటికీ కుదరకపోతే ఆంగ్లాక్షరాలతో కొత్త ఖాతా తెరవాలి. పాత ఖాతా పేరు మార్చినంత మాత్రాన దాని ఫోల్డరు పేరు మారదు. అయితే 16 బిట్ల కాలపు ఇన్‌స్టాలర్ 64 బిట్ల విండోస్‌లో సాధారణంగా నేరుగా నడవదు. దానికోసం పాత యంత్రం ఒకటి అట్టిపెట్టుకోవడమే మేలు.

ఆంగ్లాక్షరాలు పెట్టితే తెలుగు పోతుందన్న బెంగ అవసరం లేదు. ఖాతాలో ‘ఫుల్ నేమ్’ అనే గడి వేరే ఉన్నది. అందులో తెలుగులో వ్రాస్తే తెరపై ఆ పేరే కనిపిస్తుంది. పిల్లలు తమ పేరు తమ లిపిలోనే చూసుకోవచ్చు.