చిక్కుడు పాదు దగ్గరి పసుపు చారల ఈగ

సంక్రాంతి దగ్గరపడేసరికి కృష్ణా డెల్టాలో చిక్కుడు పాదుల లేత కొసలు నల్లబడతాయి. అది పేనుబంక. కొస మీద, పూల గుత్తి మీద, కాయ తొడిమ దగ్గర సందు లేకుండా అతుక్కుని రసం పీలుస్తుంది. మగదానితో పని లేకుండానే ఆడవి నేరుగా పిల్లల్ని కంటాయి, ఆ పిల్లలు కొద్ది రోజుల్లోనే మళ్లీ కంటాయి. అవి వదిలే తీపి బంక కోసం చీమలు బారులు కడతాయి. అదే పాదు ముందు, ఉదయపు ఎండలో, గాలిలో ఒకేచోట నిలిచి ఎగిరే పసుపు చారల పురుగు ఒకటి కనిపిస్తుంది. తేనెటీగ అనుకుని పిల్లలు వెనక్కి జరుగుతారు. అది కుట్టదు, దానికి కొండే లేదు. అది ఈగ.

పేరు ఇస్కియోడాన్ స్కుటెల్లారిస్. 1805లో డెన్మార్క్ కీటక శాస్త్రజ్ఞుడు ఫాబ్రిసియస్ దీన్ని మొదట వర్ణించాడు. మన వ్యవసాయ శాస్త్రవేత్తలు ఈ కుటుంబం మొత్తాన్నీ సిర్ఫిడ్ ఈగలు అంటారు.

గుర్తుపట్టడానికి ముందు రెక్కలు చూడాలి. తేనెటీగకు రెండు జతలు, ఈగకు ఒకటే జత. రెండో జత ఉండాల్సిన చోట చిన్న గుబ్బలు ఉంటాయి. ఎగిరేటప్పుడు ఒళ్లు ఎటు తిరుగుతోందో ఈగకు తెలిపేవి అవే. ఇక ఈ జాతి గుర్తులు: ఒళ్లు దాదాపు సెంటీమీటరు, ముఖం పసుపు. వీపు నిగనిగలాడే నలుపు, ఇరుపక్కలా పసుపు అంచు. వీపు చివర పసుపుపచ్చని బిళ్ల. సన్నని నల్లటి పొట్ట మీద మొదట రెండు పసుపు మచ్చలు, వాటి వెనక పసుపు పట్టీలు. మగదాని కళ్లు నడినెత్తిన కలుస్తాయి, ఆడదాని కళ్ల మధ్య ఎడం ఉంటుంది. భూతద్దం ఉంటే మగ ఈగ వెనక కాలి మొదట్లో పొడుచుకొచ్చిన చిన్న ముల్లును కూడా చూడొచ్చు.

విజయవాడలో కాలువ గట్ల దగ్గర బొద్దుగా, కళ్ల మీద చారలో చుక్కలో ఉన్న ఈగ కనిపిస్తే అది ఇది కాదు. అది ఎరిస్టలైనస్, ఇదే కుటుంబంలోని మరో శాఖ. దాని పిల్లలు మురుగునీటిలో పెరుగుతూ పొడవాటి తోకను పైకి చాచి గాలి పీలుస్తాయి. వాటికి పేనుబంకతో సంబంధం లేదు.

ఇస్కియోడాన్ ఆడ ఈగ మాత్రం పేనుబంక గుంపును వెతుక్కుంటూ వచ్చి, ఆ గుంపులోనే నూకంత తెల్లటి గుడ్లను ఒక్కొక్కటిగా పెడుతుంది. రెండు మూడు రోజుల్లో బయటికొచ్చే పిల్లపురుగుకు కాళ్లూ లేవు, కళ్లూ లేవు. లేత ఆకుపచ్చ ఒళ్లు, నడివీపున తెల్లటి గీత. ఒంటిని ఆకుకు అంటించి, సన్నటి ముందు కొసను అటూ ఇటూ ఊపుతూ తడుముతుంది. పేను తగలగానే నోటి కొక్కేలతో పొడిచి, పైకెత్తి, రసమంతా పీల్చి తొక్క పారేస్తుంది. గూడు కట్టేలోపు ఒక్కో పురుగు కొన్ని వందల పేన్లను తింటుంది. వేట ఎక్కువగా రాత్రిపూటే. పగలు మనకు మిగిలే జాడ ఆ ఎండు తొక్కలే.

ఇంత మేలు చేసే పురుగును మనవాళ్లు చీడపురుగనుకుని నలిపేయడం చూస్తే ప్రాణం ఉసూరుమంటుంది. కాయ తొలిచే మారుకా మచ్చల పురుగుకు తల, కాళ్లు స్పష్టంగా ఉంటాయి, పూతను అల్లుకుని లోపల దాగుతుంది. ఇది బయటే, పేను మధ్యలోనే ఉంటుంది.

వరి కోతకు ముందు తడి మాగాణిలో విత్తనం చల్లి పెంచే మినుము, పెసర చేలలోనూ ఇదే కథ. పేను కనపడగానే డైమిథోయేట్ వంటి మందు కొడితే పేనుతోపాటు దాన్ని తినేవీ పోతాయి. మిగిలిన పేను త్వరగా గుంపు కడుతుంది. ఈగ మాత్రం ఆ గుంపు కట్టాకే వచ్చి గుడ్డు నుంచి మొదలుపెట్టాలి. మందే వద్దని నేననను. పంపు భుజానికెత్తుకునే ముందు చేను నాలుగు వైపులా కొసలు తిప్పి చూడమంటాను.

పెద్ద ఈగ పేనును ముట్టదు. దాని తిండి పూతేనె, పుప్పొడి. పుప్పొడి దొరక్కపోతే ఆడదాని కడుపులో గుడ్లు ఎదగవు. కాబట్టి గట్టున పూసిన గడ్డిచామంతిని పూర్తిగా చెక్కేయకపోవడం, పెరట్లో నాలుగు కొత్తిమీర మొక్కల్ని పూతకు వదిలేయడం దానికి అక్కరకొస్తాయి.

పెంచి చూడాలనుకుంటే పురుగున్న కొసను సీసాలో పెట్టి, మూతికి పల్చటి గుడ్డ కట్టి, రోజూ తాజా పేను వేయండి. ఎదిగిన పురుగు అప్పటిదాకా కడుపులో దాచుకున్న మలాన్ని నల్లటి జిడ్డుగా వదిలేస్తుంది. ఆ మరక కనిపిస్తే ఇక తిండి అక్కర్లేదు. తర్వాత ఒక కొన గుండ్రంగా, మరో కొన సన్నగా ఉండే గూడుగా మారుతుంది. సుమారు వారానికి ఈగ రావాలి. అన్నిసార్లూ రాదు. డిప్లాజాన్ లేటటోరియస్ అనే చిన్న పరాన్నజీవి కందిరీగ అంతకుముందే ఈగ గుడ్డులోనో పసిపురుగులోనో తన గుడ్డు దూర్చి ఉండొచ్చు. ఖాళీ గూడును భూతద్దంతో చూడండి. గుండ్రటి కొస మూతలా ఊడి ఉంటే వచ్చింది ఈగ. అంచులు కొరికిన కంత ఉంటే కందిరీగ.