పెద్ద కుక్కకు బొమ్మ కొంటున్నారా? ముందు ఈ విషయాలు చూసుకోండి

మొయినాబాద్ దగ్గర మా మామూకి చిన్న మామిడి తోట ఉంది. కాపలాకు షేరూ అనే కుక్కను పెంచుతున్నారు. తల్లి లాబ్రడార్, తండ్రి నాటు కుక్క. రెండేళ్ల వయసు, 30 కిలోల బరువు. రోజంతా పరుగులే. నీళ్ల పైపు కొరికింది, చెప్పులు కొరికింది, చివరికి స్కూటర్ సీటు కూడా చింపేసింది. దాంతో పిల్లలు పట్నం నుంచి ఒక తాడు బొమ్మ కొనుక్కొచ్చారు. ముడులు వేసిన రంగురంగుల నూలు తాడు. షేరూకి అది తెగ నచ్చింది. వారం రోజులు ఇల్లంతా ప్రశాంతం.

తర్వాత షేరూ తిండి మానేసింది. తాగిన నీళ్లు కూడా కక్కేస్తోంది. ఎండదెబ్బేమో అనుకుని రెండు రోజులు ఆగారు. మూడో రోజు డాక్టర్ దగ్గరికి తీసుకెళ్తే, పేగుల్లో ఏదో ఇరుక్కుందని చెప్పి ఆపరేషన్ చేశారు. లోపల దొరికింది తాడు పోగులు. కుక్క బతికింది కానీ, ఇంకొక్క రోజు ఆలస్యమైతే పేగు కోసుకుపోయేదని డాక్టర్ అన్నారు. బొమ్మ కొన్నది ప్రేమతోనే. ఎలాంటిది కొనాలో ఎవరికీ తెలియదు, అంతే.

తోటల్లో, కోళ్ల ఫారాల్లో, గొర్రెల మందల దగ్గర మనవాళ్లు చాలామంది ఇలాంటి క్రాస్ కుక్కల్నే పెంచుతారు. ఇవి గట్టి ప్రాణాలు, తెలివైనవి. పని లేకపోతే మాత్రం వాటి పని అవే వెతుక్కుంటాయి. తవ్వుతాయి, కొరుకుతాయి, ఊరికే అరుస్తాయి. కాబట్టి పెద్ద కుక్కకు బొమ్మ అనేది షోకు కాదు, అవసరం. అయితే ఏ బొమ్మ ఇవ్వాలి?

మీ కుక్క ఎలా ఆడుతుందో ముందు చూడండి

క్రాస్ కుక్కకు జాతి పేరు చెప్పి బొమ్మ కొనడం కుదరదు. ఒకే ఈతలో పుట్టిన పిల్లల్లో ఒకటి తల్లిలా, ఇంకొకటి తండ్రిలా ఉంటుంది. అందుకే రెండు మూడు రోజులు దాని ఆట గమనించండి.

కొన్ని కుక్కలు వస్తువును నోట కరుచుకుని తిరుగుతాయి, తెచ్చి మీ చేతికిస్తాయి. వీటితో ఇబ్బంది తక్కువ. కొన్ని ఒకచోట కూర్చుని, ముందు కాళ్లతో పట్టుకుని, చీల్చి ముక్కలు చేస్తాయి కానీ ఆ ముక్కల్ని వదిలేస్తాయి. ఇంకొన్ని చీల్చిన ప్రతి ముక్కనూ మింగేస్తాయి. అన్నిటికంటే జాగ్రత్తగా ఉండాల్సింది ఈ మూడో రకంతోనే. లాబ్రడార్ రక్తం ఉన్నవాటిలో ఈ అలవాటు ఎక్కువగా కనిపిస్తుంది.

వయసు కూడా ముఖ్యమే. కుక్కపిల్లకు 28 పాల పళ్లు ఉంటాయి. మూడో నెల దాటాక అవి ఊడటం మొదలై, ఆరేడు నెలలకల్లా 42 పళ్లు వచ్చేస్తాయి. ఆ నెలల్లో చిగుళ్లు సలుపుతుంటాయి కాబట్టి దొరికినదల్లా కొరుకుతుంది. అప్పుడు మెత్తటి రబ్బరు బొమ్మలే ఇవ్వాలి. పెద్ద కుక్కల కోసం చేసిన గట్టి బొమ్మలు పాల పళ్లకు పనికిరావు.

ప్యాకెట్ మీది మాటను నమ్మి ఊరుకోకండి

మన దేశంలో పిల్లల బొమ్మలకు 2021 జనవరి 1 నుంచి ఐఎస్ఐ ముద్ర తప్పనిసరి. అది 14 ఏళ్ల లోపు పిల్లలు ఆడుకునే బొమ్మలకు పెట్టిన నిబంధన. కుక్కల బొమ్మలు దాని కిందికి రావు. 'విషం లేనిది', 'ఎప్పటికీ పగలనిది' అని ప్యాకెట్ మీద రాసి ఉంటే అది అమ్మేవాళ్ల మాట. పరీక్ష చేసుకోవాల్సింది మనమే. దుకాణంలో నిలబడే మూడు పరీక్షలు చేయవచ్చు.

మొదటిది గోరు పరీక్ష. బొమ్మ మీద బొటనవేలి గోరుతో గట్టిగా నొక్కండి. కొంచెమైనా నొక్కు పడాలి. గోరుకు అసలు లొంగకపోతే అది పంటికీ లొంగదు, పన్నే విరుగుతుంది. కుక్క వెనకవైపు పై దవడలో నమిలే పెద్ద పన్ను ఉంటుంది. గట్టి వస్తువులు కొరికినప్పుడు ఎక్కువగా చీలేది అదే.

రెండోది మోకాలి పరీక్ష. ఆ బొమ్మతో మీ మోకాలి చిప్ప మీద కొడితే ఎలా ఉంటుందో ఊహించుకోండి. అమ్మో అనిపిస్తే అది కుక్కకూ వద్దు.

మూడోది సైజు. బొమ్మ ఏదైనా సరే, కుక్క నోరు పూర్తిగా తెరిచినా కోరపళ్లు దాటి లోపలికి జారకూడదు. టెన్నిస్ బంతి అడ్డకొలత ఆరున్నర, ఏడు సెంటీమీటర్ల మధ్య ఉంటుంది. 30 కిలోల కుక్క గొంతులో అది ఇరుక్కుంటే ఊపిరాడదు. పెద్ద కుక్కకు అంతకంటే పెద్ద బంతే కొనాలి. ప్యాకెట్ మీద బరువును బట్టి సైజు రాసి ఉంటుంది. మీ కుక్క రెండు సైజుల మధ్య ఉంటే పెద్దదే తీసుకోండి.

ఏవి పనికొస్తాయి?

గట్టి రబ్బరుతో చేసి, లోపల బోలుగా ఉండే బొమ్మలు అన్నిటికంటే ఎక్కువ కాలం వస్తాయి. వీటిలో 'కాంగ్' అనే అమెరికా బ్రాండు పేరు మన పెట్ షాపుల్లోనూ వినిపిస్తుంది. దాని కథ తమాషాగా ఉంటుంది. జో మార్క్‌హామ్ అనే ఆయన దగ్గర ఫ్రిట్జ్ అనే జర్మన్ షెపర్డ్ ఉండేది. రాళ్లు కొరికి కొరికి పళ్లు పాడుచేసుకునేది. ఆయన ఒకరోజు ఫోక్స్‌వ్యాగన్ వ్యాను బాగుచేస్తుంటే, విప్పి పడేసిన రబ్బరు భాగాన్ని అది వదలకుండా నమలడం చూశాడు. ఆ ఆకారంలోంచే 1970లలో ఈ బొమ్మ పుట్టింది. ఇందులో ఎరుపు మామూలు కుక్కలకు, నలుపు బాగా గట్టిగా కొరికేవాటికి. వేరే కంపెనీలు చేసే ఇలాంటి బొమ్మలూ ఉన్నాయి. ఏది కొన్నా రెండు వైపులా రంధ్రాలు ఉండేలా చూడండి. ఒక్క రంధ్రమే ఉంటే కుక్క నాకుతున్నప్పుడు లోపలి గాలి పోయి, నాలుక లోపలికి లాక్కుపోయి ఇరుక్కునే ప్రమాదం ఉంది.

ఈ బొమ్మను ఉత్తగా ఇస్తే కుక్క పది నిమిషాల్లో విసుగెత్తి వదిలేస్తుంది. లోపల ఉప్పు, పోపు లేని పెరుగన్నం కూరి ఫ్రీజర్‌లో పెట్టండి. ఎండాకాలంలో అరగంట పైగా దానితోనే గడిపేస్తుంది. ఎముకలు తీసిన ఉడికించిన చికెన్, ఉడికించిన క్యారెట్, గుమ్మడికాయ కూడా పెట్టవచ్చు. మసాలా, ఉల్లి, వెల్లుల్లి, ద్రాక్ష, కిస్‌మిస్, చాక్లెట్ మాత్రం వద్దు. పీనట్ బటర్ పెడితే సీసా మీద జైలిటాల్ అనే తీపి పదార్థం పేరు ఉందేమో చూడండి. అది కుక్కకు విషం.

విసిరితే తెచ్చే కుక్కలకు దళసరి రబ్బరు బంతి, మధ్యలో ఖాళీ ఉన్న రబ్బరు రింగు బాగుంటాయి. గుంజులాట ఇష్టపడేవాటికి రెండు చేతులతో పట్టుకునేంత పొడవున్న రబ్బరు బొమ్మ తీసుకోండి. ఆట అయిపోగానే దాన్ని తీసి దాచేయండి.

డబ్బు ఖర్చు లేని ఆట కూడా ఒకటుంది. రోజూ పెట్టే తిండిలో ఒక గుప్పెడు తీసి గడ్డిలో చల్లండి. వాసన పట్టి ఒక్కో గింజ వెతుక్కుంటుంది. ముక్కుతో చేసే ఈ పని కుక్కను బాగా అలసిపోయేలా చేస్తుంది. ఎలాంటి బొమ్మనైనా చీల్చేసే కుక్కకు ఇదే మంచి ఆట.

ఏవి ఇవ్వకూడదు?

ముందుగా ఎముకల సంగతి. బక్రీద్ రోజుల్లో ఇంటినిండా ఎముకలే. కుక్కకు ఒకటి పడేద్దాం అనిపిస్తుంది. ఉడికిన ఎముక కొరికితే సూదుల్లా చీలుతుంది. గొంతులో, పేగులో గుచ్చుకుంటుంది. బిర్యానీలో మిగిలిన కోడి ఎముకలు కూడా అంతే. నల్లీ ఎముకను గుండ్రంగా కోసిన ముక్క కింది దవడకు రింగులా పట్టేసి, మత్తు ఇచ్చి కోసి తీయాల్సిన పరిస్థితి వస్తుంది. పచ్చి కాలి ఎముక చీలకపోయినా, ఆ గట్టిదనానికి పన్ను చీలుతుంది. ఎముకలు వేయాలనిపిస్తే వాటిని మూతున్న డబ్బాలో వేయండి. కుక్కకు మెత్తని మాంసం ముక్క పెట్టండి.

పెట్ షాపుల్లో తెల్లటి ముడి వేసిన ఎముకల్లా కనిపించేవి నిజానికి పచ్చి తోలుతో చేసినవి. నమిలితే ఉబ్బి జిగురుగా మారతాయి. పెద్ద ముక్క మింగితే అడ్డం పడుతుంది. ఇంకో విషయం. నమిలే వస్తువుల్లో పంది చెవులు, పంది తోలుతో చేసినవీ, బేకన్ రుచి కలిపినవీ ఉంటాయి. మన ఇళ్లలోకి అవి తెలియకుండా రాకూడదంటే కొనేముందు వెనక రాసిన పదార్థాల జాబితా చదవండి.

తాడు, నూలు, పాత జీన్స్‌తో చేసిన బొమ్మలు మింగే అలవాటున్న కుక్కకు అసలు వద్దు. పోగు ఒక చివర ఎక్కడైనా పట్టుకుంటే, పేగు దాని మీద ముడతలు పడి, అదే పోగు రంపంలా కోస్తుంది. షేరూకి జరగబోయింది ఇదే.

గల్లీ క్రికెట్ టెన్నిస్ బంతిని నమలనివ్వకండి. దాని మీది నూగులో మట్టి పట్టి, గరుకు కాగితంలా పళ్లను అరగదీస్తుంది. పాత టైర్లలో ఇనుప తీగలు ఉంటాయి. కీచుమనే బొమ్మల్లో చిన్న ప్లాస్టిక్ గొట్టం ఉంటుంది, చీల్చగానే కుక్క ముందు దాన్నే మింగుతుంది. జింక కొమ్ములు, గిట్టలు, రాళ్లు పళ్లను విరగ్గొడతాయి. చిన్నపిల్లల బొమ్మల్లోని బటన్ బ్యాటరీలు అన్నిటికంటే ప్రమాదం. కొరికితే కొద్దిసేపట్లోనే గొంతు, పేగు కాలిపోవడం మొదలవుతుంది.

ఎప్పుడు, ఎలా ఆడించాలి?

కొత్త బొమ్మ ఇచ్చిన మొదటి రోజు పక్కనే ఉండి చూడండి. పది నిమిషాల్లో ముక్క ఊడితే అది మీ కుక్కకు సరిపోయేది కాదని అర్థం. ఎంత ఖరీదైనదైనా తీసేయండి. ఎప్పటికీ పగలని బొమ్మ అంటూ ఏదీ లేదు.

నాలుగైదు బొమ్మలుంటే రెండే బయట ఉంచి మిగతావి దాచండి. వారానికొకసారి మార్చండి. పాతదే మళ్లీ కొత్తగా కనిపిస్తుంది.

ఎండాకాలంలో ఫజర్ తర్వాత ఒకసారి, సాయంత్రం చల్లబడ్డాక ఒకసారి ఆడిస్తే చాలు. మధ్యాహ్నం పరిగెత్తిస్తే వడదెబ్బ తగులుతుంది. కడుపు నిండా తిన్న వెంటనే కూడా గంతులు వేయించకండి. ఛాతీ లోతుగా ఉండే పెద్ద కుక్కల్లో కడుపు ఉబ్బి మెలిపడటం అనే ప్రాణాంతకమైన జబ్బు ఉంది.

పిల్లలకు ఒక్కటి గట్టిగా నేర్పండి: కుక్క నోట్లోంచి బొమ్మ లాక్కోకూడదు. తిండి ముక్క చూపిస్తే అదే వదులుతుంది, అప్పుడు తీసుకోవాలి. ఆటలో పన్ను తగిలి రక్తం వచ్చినా చిన్నదే కదా అని వదిలేయొద్దు. వెంటనే పదిహేను నిమిషాలు సబ్బుతో, పారే నీటి కింద కడిగి, ఆసుపత్రికి తీసుకెళ్లాలి. కుక్కకు రేబిస్ టీకా ఏటా సమయానికి వేయించాలి.

బొమ్మలన్నిటికీ పెరట్లో ఒక బకెట్ పెట్టండి. నమాజు చేసే గదిలోకి, పిల్లల బొమ్మల మధ్యకు అవి రాకుండా ఉంటాయి. వారానికొకసారి సబ్బు నీళ్లతో కడిగి ఎండలో ఆరబెట్టండి. బోలు బొమ్మ లోపల అన్నం మిగిలితే పులిసి పురుగు పడుతుంది. కడిగేటప్పుడే పగుళ్లు, ఊడిన ముక్కలు ఉన్నాయేమో చూడండి.

ముక్క మింగితే?

మళ్లీ మళ్లీ కక్కుకోవడం, తిండి ముట్టకపోవడం, వీపు వంచి నిలబడటం, పొట్ట ముట్టుకోనివ్వకపోవడం, విసర్జన ఆగిపోవడం – వీటిలో ఏది కనిపించినా ఆ రోజే డాక్టర్‌కు చూపించండి. ఉప్పునీళ్లు తాగించి కక్కించే ప్రయత్నం చేయకండి. ఆ ఉప్పే విషమవుతుంది. నోట్లోంచో వెనకనుంచో దారం వేలాడుతుంటే లాగకండి, పేగు తెగుతుంది. బ్యాటరీ మింగిందని అనుమానం వచ్చినా లక్షణాల కోసం ఎదురుచూడకుండా వెంటనే బయల్దేరండి. చిరిగిన బొమ్మ మిగిలిన భాగాన్ని వెంట తీసుకెళ్లండి. లోపల ఎంత ఉందో డాక్టర్‌కు అంచనా దొరుకుతుంది.

షేరూ ఇప్పుడు బాగుంది. పొట్ట మీద కుట్ల గీత ఒకటి మిగిలింది. తాడు బొమ్మ పోయి నల్ల రబ్బరు బొమ్మ వచ్చింది. పొద్దున్నే మామీ అందులో పెరుగన్నం కూరి ఇస్తుంది. మీ ఇంట్లో, తోటలో కుక్క ఉంటే ఇవాళే దాని బొమ్మలన్నీ ఒకచోట పోసి చూడండి. ఒక ముక్క తక్కువగా ఉన్న బొమ్మ కనిపిస్తే, ఆ ముక్క ఎక్కడుందో ముందు వెతకండి.