వాడని తోరణానికి వేకువ కోతే కీలకం

ఆదిలాబాద్: ఫాల్గుణం వచ్చిందంటే అడవి అంచుల్లో మోదుగ చెట్లు ఆకు రాల్చి నిప్పుకణికల వంటి పూలతో నిండిపోతాయి. ఆ వెనుకే వేప పూస్తుంది, మల్లె మొగ్గ తొడుగుతుంది. ఇంటిని అలంకరించుకునేందుకు ఇంతకన్నా అనువైన కాలం లేదు. అయినా ఉదయం కట్టిన దండ మధ్యాహ్నానికే వాలిపోతోందని పలువురు ప్లాస్టిక్ తోరణాలను ఆశ్రయిస్తున్నారు. లోపం పూలది కాదు, కోసే వేళది.

ఎండెక్కిన తరువాత కోసిన పువ్వులో అప్పటికే నీరు తగ్గి ఉంటుంది. బంతిపూలను తెల్లవారుజామునే కోసి, తడిగుడ్డ కప్పి నీడన ఉంచి, ఆపై దండ కట్టాలి. మల్లెలను మొగ్గలుగానే అల్లాలి. అవి విచ్చుకునేది సాయంత్రమే. నానబెట్టిన అరటినార కాడలను కోయదు.

మామిడిలో రాగిరంగు చిగుళ్లు ముచ్చటగొలిపినా త్వరగా వడలిపోతాయి. తోరణానికి ముదురాకులే మేలు. వాటినీ ఒక్కొక్కటిగా గిల్లాలి తప్ప కొమ్మ విరవరాదు. పూతగుత్తిలో వందల పూలున్నా కాయలుగా నిలిచేవి బహు స్వల్పం. పిందెలున్న కొమ్మ విరిగితే రైతుకు ఆ కాస్త ఫలసాయమూ దక్కదు.

మోదుగ కోసం చెట్టెక్కనక్కరలేదు. రాలిన పూలను ఉదయాన్నే ఏరి, నీరు పోసిన ఇత్తడి పళ్లెంలో తేలవేస్తే వాకిట ముగ్గు పక్కన చక్కగా అమరుతాయి. హోలీకి ముందు ఏరినవైతే వాడిన పిదప మరిగించి రంగునీరు చేసుకోవచ్చు.

వేపపువ్వు మాత్రం గుమ్మాన నిలవదు, కాస్త గాలి తగిలినా రాలుతుంది. దానిని ఉగాది పచ్చడికే ఉంచుకోవడం ఉత్తమం.