గాల్లో ఎన్ని విసుర్లు?

షోలాపూర్ పద్మశాలీల పేటల్లో స్టాప్‌వాచ్ ఎందుకు, మరమగ్గం ఉండగా! నిమిషానికి 120 పేకపోగులు వేసే మగ్గంలో నాడె విసురు ఒక్కోటి అర సెకను. మనిషి గెంతును ఈ విసుర్లతోనే కొలుద్దాం.

మామూలు గెంతు: అర మీటరు ఎగిరే కుర్రాడు గాల్లో ఉండేది 0.64 సెకను. విసురున్నర కూడా కాదు!

మహా కష్టమైన గెంతు: నిండు సెకను, అంటే రెండు విసుర్లు. అందుకు 1.22 మీటర్లు లేవాలి. కాలం రెట్టింపు కావాలంటే ఎత్తు నాలుగింతలు. ఫలానా ఆటగాడు రెండు సెకన్లు తేలాడంటే 4.9 మీటర్లు ఎగిరాడన్నమాట. నమ్మకండి.

అన్నిటికన్నా పెద్ద కనికట్టు: వాలీబాల్ స్మాషర్ గాల్లో ‘ఆగిపోవడం’. ఎవరూ ఆగరు. పైకి పోయేకొద్దీ వేగం తగ్గి, కొసన సున్నా అయి, దిగేటప్పుడు మళ్లీ పెరుగుతుంది. అందుకే ఎత్తులో పై సగానికే 71 శాతం కాలం ఖర్చవుతుంది. పై పావు భాగానికి సరిగ్గా సగం. కింది సగానికి, ఎక్కడం దిగడం కలిపినా, మిగిలేది 29 శాతమే. కాలు నేల విడిచాక చేతులెంత ఊపినా శరీర గరిమనాభి దారి మారదు.

అతి ఎత్తు: క్యూబా హైజంప్ వీరుడు హవియర్ సోటోమయోర్, 1993, సలమాంకా, 2.45 మీటర్లు. ఆయన పైకి లేచిన సమయమూ సుమారు ఒక్క విసురే!

అతి చిన్న మొనగాడు: 6 మిల్లీమీటర్ల ఫ్రాగ్‌హాపర్ పురుగు. ఎగిరేది 70 సెంటీమీటర్లు. అదే నిష్పత్తిలో 1.70 మీటర్ల మనిషి ఎగిరితే మూడున్నర చార్మినార్లు! నేల విడవడానికి దానికి పట్టేది సెకనులో వెయ్యో వంతు.

అతి పేరున్న గెంతు: 1972 ఏప్రిల్, చంద్రుడు. అపోలో 16 వ్యోమగామి జాన్ యంగ్ బరువైన సూటుతో సెల్యూట్ చేస్తూ ఎగిరాడు. 1.45 సెకన్లు, దాదాపు మూడు విసుర్లు. ఎత్తు మాత్రం అర మీటరు లోపే.

అతి దీర్ఘం: కుజుడి బుల్లి చందమామ డీమోస్. మన అర మీటరు కుర్రాడు అక్కడ అదే ఊపుతో ఎగిరితే దిగడానికి అరగంట పైమాటే. 3,600 విసుర్లు దాటతాయి!

అతి చిన్న బహుమానం: షోలాపూర్‌లో గురుత్వ త్వరణం 9.78, ధ్రువాల దగ్గర 9.83. అర మీటరు గెంతుకు ఇక్కడ సుమారు రెండున్నర మిల్లీమీటర్లు అదనం.

మీ గెంతు ఎంతో ఫోన్‌లో స్లోమోషన్ తీసి చూసుకోండి. గాల్లో ఉన్న సెకన్లను వాటితోనే గుణించి, మళ్లీ 1.22తో గుణిస్తే మీటర్లలో ఎత్తు వస్తుంది. మోకాళ్లు ముడుచుకుని దిగితే లెక్క చెల్లదు!